టెక్నికల్ బిడ్ కొట్టేశారు, హైకోర్టుకు వెళ్తే నిలబడుతుందా? గుంటూరు కాంట్రాక్టర్ గారికి నా సమాధానం

మీరు రాసినదాన్ని ముందు క్లుప్తంగా చెబుతాను. ఇదే ఇబ్బందిలో ఉన్న వేరే కాంట్రాక్టర్లు చదివినా విషయం అర్థం కావాలి. గుంటూరు జిల్లాలో ఒక మున్సిపాలిటీ తాగునీటి పైప్‌లైను, ఓవర్‌హెడ్ ట్యాంకు పనికి టెండర్ పిలిచింది. ఈసీవీ, అంటే పని అంచనా విలువ, 3 కోట్ల 80 లక్షలు. ముగ్గురు వేశారు. మీ ఎక్స్‌పీరియన్స్ సర్టిఫికెట్ మీద ఈఈ (ఎగ్జిక్యూటివ్ ఇంజినీర్) సంతకం ఉంది గానీ, ఆయన పై అధికారి ఎస్‌ఈ (సూపరింటెండింగ్ ఇంజినీర్) దాన్ని ధ్రువీకరిస్తూ పెట్టే కౌంటర్ సంతకం లేదని, అర్హత పత్రాలు చూసే టెక్నికల్ దశలోనే మీ బిడ్ తీసేశారు. ఎస్‌ఈ సంతకం చేసిన కాపీ టెండర్ తేదీకి ముందే మీ దగ్గర ఉంది, పొరపాటున సంతకం లేని కాపీ అప్‌లోడ్ అయింది. మీరు అంచనా విలువ మీద 12 శాతం లెస్ (తక్కువ) వేశారు, ఆ ప్రైస్ బిడ్ తెరవనే లేదు. 3 శాతం లెస్ వేసినాయనకు పని ఖాయం చేస్తూ లెటర్ ఇచ్చారు. అగ్రిమెంటు ఇంకా కాలేదు. ఆయన టర్నోవర్ సర్టిఫికెట్‌లో సీఏ (చార్టర్డ్ అకౌంటెంట్) ఇచ్చే యూడీఐఎన్ అనే గుర్తింపు నంబరు లేకపోతే మాత్రం మూడు రోజులు టైమిచ్చి, కొత్త సర్టిఫికెట్ పెట్టించుకున్నారు. గుంటూరు కోర్టులో దావా వేయాలా, హైకోర్టుకు వెళ్లాలా? స్టే వస్తుందా? పని నాకే ఇమ్మని అడగొచ్చా? కేసు వేస్తే డిపార్టుమెంటులో నా పాత బిల్లుల సంగతేంటి? ఇవీ మీ ప్రశ్నలు.

నేను కొన్నేళ్లు ఒక స్థానిక సంస్థకు స్టాండింగ్ కౌన్సిల్‌గా, అంటే దాని తరఫు వకీలుగా, ఇలాంటి రిట్లకు (ప్రభుత్వ నిర్ణయాల మీద హైకోర్టులో వేసే పిటిషన్లు) కౌంటర్లు, అంటే జవాబు అఫిడవిట్లు, వేశాను. ఆ తర్వాత నుంచి ఎక్కువగా కాంట్రాక్టర్ల తరఫునే వేస్తున్నాను. ఆఫీసు విజయవాడలో, ప్రాక్టీసు నేలపాడులోని హైకోర్టులో. రెండువైపులా నిలబడ్డాను కాబట్టి ఏ మాటకు జడ్జిగారు తలెత్తి చూస్తారో, ఏ మాటకు ఫైలు మూసేస్తారో కొంత తెలుసు. నా అభిప్రాయం ముందే చెబుతాను. మీరు రిట్ వేయొచ్చు, వేయాలి కూడా. అయితే ఎస్‌ఈ సంతకం చిన్న విషయం అనే వాదన మీద కేసు నిలబెట్టకండి. మీకు ఇవ్వని అవకాశం అవతలాయనకు ఎందుకిచ్చారన్న ప్రశ్న మీద నిలబెట్టండి. మీ కేసు బలమంతా ఆ ఒక్కచోటే ఉంది.

ఎందుకంటే టెండర్ కమిటీ మీద హైకోర్టు పై కమిటీ కాదు. నాలుగు మహానగరాల సెల్‌ఫోన్ లైసెన్సుల మీద నడిచిన టాటా సెల్యులార్ కేసులో 1994లో సుప్రీంకోర్టు ఈ సంగతి తేల్చింది. కోర్టు అప్పీలు వినడానికి కూర్చోదు. నిర్ణయం సరైనదా అని చూడదు, ఆ నిర్ణయం తీసుకున్న పద్ధతి సరైనదా అని చూస్తుంది. చట్టం దాటారా, బాధ్యత ఉన్న ఏ అధికారీ చేయనంత అసమంజసంగా చేశారా, చెప్పిన పద్ధతి తప్పారా అన్నవే చూస్తుంది. తర్వాత ఒడిశా నుంచి వచ్చిన జగదీశ్ మండల్ కేసులో దీన్ని రెండు ప్రశ్నలకు కుదించారు. ఒకటి, నిర్ణయంలో దురుద్దేశం గానీ ఒకరికి మేలు చేయాలన్న ఆలోచన గానీ ఉందా, లేదా బుద్ధి ఉన్న ఏ అధికారీ చేయనంత ఇష్టారాజ్యంగా ఉందా? రెండు, దానివల్ల ప్రజా ప్రయోజనం దెబ్బతిన్నదా? రెండింటికీ లేదు అనే జవాబు వస్తే కోర్టు జోక్యం చేసుకోదు. పొరపాటు జరిగిందని మీరు నిరూపించినా చాలదు. అధికారులు చిన్న పొరపాట్లు చేయడానికి కోర్టు కొంత వెసులుబాటు ఇస్తుంది.

ఇప్పుడు మీ ఎస్‌ఈ సంతకం సంగతి. మీ వకీలు ఎవరైనా ముందుగా 1991 నాటి పొద్దార్ స్టీల్ కేసు తీస్తారు. వారణాసిలోని డీజిల్ లోకోమోటివ్ వర్క్స్ స్క్రాప్ అమ్మకానికి టెండర్ పిలిచి, ఈఎండీ (బిడ్‌తో కట్టే ధరావతు) నగదుగా గానీ స్టేట్ బ్యాంకు డ్రాఫ్టుగా గానీ కట్టమంది. ఒకాయన యూనియన్ బ్యాంకు ధ్రువీకరించిన చెక్కు జత చేశాడు. అది అసలు షరతు కాదు, అనుబంధ షరతు, సడలించవచ్చు అని సుప్రీంకోర్టు అంది. వినడానికి మీ కేసుకు సరిపోయినట్టే ఉంటుంది. కానీ ఒక తేడా చూడండి. ఆ కేసులో సడలించింది టెండర్ పిలిచిన సంస్థే. ఆ సడలింపును కోర్టు తప్పుపట్టలేదు, అంతే. దీని పక్కన 2016 నాటి సెంట్రల్ కోల్‌ఫీల్డ్స్ కేసు పెట్టండి. అక్కడ బ్యాంకు గ్యారంటీ చెప్పిన నమూనాలో లేదని బిడ్ తీసేశారు. ఝార్ఖండ్ హైకోర్టు బిడ్డర్ పక్షాన నిలిస్తే సుప్రీంకోర్టు ఆ తీర్పును తిప్పేసింది. ఏ షరతు ముఖ్యం, ఏది కాదు అన్నది టెండర్ పిలిచినవాళ్లు తేల్చుకోవాలి, అందరికీ ఒకే తీరుగా వర్తింపజేస్తే చాలు అంది. అదే ఏడాది నాగపూర్ మెట్రో టెండర్ మీద వచ్చిన అఫ్కాన్స్ కేసులో ఇంకో అడుగు ముందుకు వేసింది. టెండర్ డాక్యుమెంటు రాసినవాళ్లకే దాని అర్థం బాగా తెలుస్తుంది, వాళ్లు చెప్పిన అర్థం మరీ వంకరగా ఉంటే తప్ప కోర్టు తన అర్థాన్ని పెట్టకూడదు అని.

ఈ మూడింటినీ కలిపి చదివితే తేలేది ఇది: సడలించినా కోర్టు అధికారి పక్షమే, సడలించకపోయినా చాలావరకు అధికారి పక్షమే. ఎస్‌ఈ కౌంటర్ సంతకం ఉండాలని మన రాష్ట్రంలో టెండర్ నోటీసుల్లో స్పష్టంగా రాస్తారు, మీ నోటీసులోనూ రాశారు. ఉత్త ఈ పాయింటు మీదే వస్తే నేను మీ ఫైలు తిరిగిచ్చి, వచ్చే టెండర్‌కు అప్‌లోడ్ చేసే ముందు ఇంకొకరి చేత చెక్ చేయించుకోమని చెప్పేవాణ్ణి.

మీ కేసును బతికించేది రెండో సంగతి. అందరికీ ఒకే తీరుగా వర్తింపజేస్తే చాలు అన్నారు కదా, మీ విషయంలో జరగనిది అదే. 1979లో బొంబాయి విమానాశ్రయం రెస్టారెంటు మీద వచ్చిన రమణ దయారామ్ శెట్టి కేసు నుంచి ఇది మారని సూత్రం. ప్రభుత్వం తాను పెట్టిన కొలతకు తానే కట్టుబడాలి, తప్పితే సమానత్వ హక్కునిచ్చే రాజ్యాంగం 14వ అధికరణాన్ని ఉల్లంఘించినట్టే. ఈ మధ్య తీర్పు కావాలంటే 2024 అక్టోబరులో వచ్చిన బన్సీధర్ కన్‌స్ట్రక్షన్ కేసు చూడండి. ఝార్ఖండ్‌లో భారత్ కోకింగ్ కోల్ వాళ్ల గని టెండర్ అది. ఒక కంపెనీ బిడ్‌ను పవర్ ఆఫ్ అటార్నీ పత్రం సరిగ్గా లేదని తీసేసి, తప్పనిసరి ఆర్థిక పత్రాలు పెట్టని ఇంకో కంపెనీని మాత్రం లోపల ఉంచారు. సుప్రీంకోర్టు దాన్ని వివక్ష అని తేల్చి, అప్పటికే ఇచ్చిన కాంట్రాక్టును రద్దు చేసింది. టెండర్ల విషయంలో కోర్టు తనను తాను ఎంతో కట్టడి చేసుకుంటున్న ఈ రోజుల్లో కూడా ఆ తీర్పు వచ్చిందంటే, రెండు కొలతలు వాడటాన్ని అది ఎంత తీవ్రంగా తీసుకుంటుందో చూడండి. మీ వకీలు చేతిలో మొదట ఉండాల్సిన తీర్పు ఇదే.

అయితే ఇక్కడే అవతలి వకీలు దెబ్బ కొట్టే చోటు కూడా ఉంది. నేను కౌంటర్లు రాసిన రోజుల్లో నేనే కొట్టేవాణ్ణి. మన టెండర్ డాక్యుమెంట్లలో సాధారణంగా ఒక క్లాజు ఉంటుంది: అప్‌లోడ్ చేసిన పత్రాల మీద వివరణ అడగొచ్చు, కొత్త పత్రాలు మాత్రం తీసుకోకూడదు. మీ కమిషనర్ గారి తరఫున కౌంటర్ ఇలా వస్తుంది: ఆయన టర్నోవర్ సర్టిఫికెట్ పెట్టారు, నంబరు మాత్రం లేదు, కాబట్టి వివరణ అడిగాం. పిటిషనర్ విషయంలో కౌంటర్ సంతకమున్న సర్టిఫికెట్ అసలు అప్‌లోడే కాలేదు, కాబట్టి అడగడానికి ఏమీ లేదు. ఈ తేడా కోర్టుకు నచ్చితే మీ సమానత్వ వాదన కూలిపోతుంది.

అందుకే ఈ రాత్రే ఒక పని చేయండి. అవతలాయన తర్వాత పెట్టిన సర్టిఫికెట్ మీద తేదీ చూడండి. బిడ్లు వేయడానికి గడువు ముగిసిన తర్వాత తేదీ ఉంటే అది వివరణ కిందికి రాదు, గడువు దాటాక పుట్టిన కొత్త పత్రం అవుతుంది. యూడీఐఎన్ నంబరును చార్టర్డ్ అకౌంటెంట్ల సంస్థ వెబ్‌సైట్‌లో ఎవరైనా చెక్ చేసుకోవచ్చు, ఆ నంబరు ఏ రోజు పుట్టిందో అక్కడ కనిపిస్తుంది. మీ ఎస్‌ఈ సంతకం మాత్రం టెండర్ నోటీసుకు ముందుది. అంటే గడువు తర్వాత పుట్టిన పత్రాన్ని ఒకరి దగ్గర తీసుకున్నారు, గడువుకు ముందే ఉన్న పత్రాన్ని ఇంకొకరిని అడగను కూడా లేదు. కేసు ఈ ఒక్క వాక్యంలోకి వచ్చిందంటే కౌంటర్‌లో చెప్పడానికి అవతలివాళ్లకు పెద్దగా ఏమీ మిగలదు. ఒకవేళ ఆయన కొత్త సర్టిఫికెట్ మీద తేదీ కూడా గడువుకు ముందుదే అయితే కేసు సగం బలహీనపడినట్టే. అప్పుడు కూడా వేయొచ్చు గానీ గెలుస్తామన్న ధీమా వద్దు.

మీకు ఉన్న ఇంకో బలం తిరస్కరణ నోట్. మీరు పంపిన స్క్రీన్‌షాట్‌లో నాన్ రెస్పాన్సివ్ (షరతులకు తగ్గట్టు లేదు) అన్న ఒక్క ముక్క, క్లాజు నంబరు తప్ప కారణం లేదు. 1977లో మొహిందర్ సింగ్ గిల్ కేసులో సుప్రీంకోర్టు, ఉత్తర్వు నిలిచినా పడినా అందులో రాసిన కారణాల మీదే, తర్వాత అఫిడవిట్‌లో కొత్త కారణాలు చేర్చడానికి వీల్లేదు అంది. కాబట్టి కౌంటర్‌లో మీ బిడ్ కెపాసిటీ (ఇంత పని చేయగల స్తోమత) చాలలేదనో, సిమిలర్ వర్క్ (ఇలాంటి పని చేసిన అనుభవం) సరిపోలేదనో కొత్తగా రాస్తే వెంటనే ఈ తీర్పు చూపించాలి. అవతలాయనకు టైమివ్వడానికి ఏ కారణం రాసుకున్నారో చూపమని రికార్డు తెప్పించమనాలి. నా అనుభవంలో టెండర్ రిట్లలో పిటిషనర్ వాదనకంటే, అధికారులు తమలో తాము రాసుకునే నోట్ ఫైలే ఎక్కువసార్లు కేసును తేల్చింది. డీఈఈ (డిప్యూటీ ఎగ్జిక్యూటివ్ ఇంజినీర్) రాసిన నోట్ మీద కిందా పైనా ఎవరు ఏ తేదీన సంతకం పెట్టారు, ఎవరు ప్రశ్న వేశారు అన్నది కోర్టులో చదివితే చాలా సంగతులు బయటపడతాయి. ఒక్కోసారి కింది ఇంజినీరే ఇద్దరికీ అవకాశం ఇవ్వాలని రాసి ఉంటాడు. అలాంటి నోట్ దొరికితే మీ వకీలు పెద్దగా వాదించాల్సిన పని కూడా ఉండదు.

ఆర్‌టీఐ పెట్టి కాగితాలు వచ్చాక కేసు వేద్దాం అనుకోకండి. దానికి 30 రోజుల గడువు ఉంటుంది, ఈలోగా పైపులు దిగుతాయి, గోతులు తవ్వుతారు. ఇందాక చెప్పిన రమణ శెట్టి కేసునే మళ్లీ చూడండి. టెండర్ల చట్టానికి మూలస్తంభం లాంటి ఆ తీర్పులో సుప్రీంకోర్టు ఎయిర్‌పోర్టు అథారిటీ చేసింది తప్పే అని తేల్చింది. అయినా కాంట్రాక్టు రద్దు చేయలేదు. టెండర్ ఖాయమయ్యాక ఐదు నెలలకు పైగా ఆగి రిట్ వేశారు, ఈలోపు గెలిచినాయన డబ్బు ఖర్చుపెట్టి పని మొదలుపెట్టాడు అన్నది అందుకు ఒక ముఖ్య కారణం. న్యాయం పిటిషనర్ వాదన వైపు ఉంది, కాంట్రాక్టు అవతలాయన చేతిలోనే ఉండిపోయింది. మీ బిడ్ తీసేసి మూడు వారాలైందన్నారు. ఇది పెద్ద ఆలస్యం కాదు, కానీ ఇంకో మూడు వారాలు గడిస్తే అది కౌంటర్‌లో మొదటి పేరా అవుతుంది.

రేపు ఉదయమే మున్సిపల్ కమిషనర్‌కూ, ప్రజారోగ్య ఇంజినీరింగ్ విభాగంలో టెండర్ ఆమోదించిన అధికారికీ ఒక రిప్రజెంటేషన్ (వినతిపత్రం) ఇవ్వండి. ఈమెయిల్‌లోనూ పంపి, చేతికిచ్చిన కాపీ మీద ముద్ర వేయించుకోండి. అందులో ఆవేశం వద్దు. నా సర్టిఫికెట్ కౌంటర్ సంతకంతో ఫలానా తేదీ నుంచి ఉంది, ఫలానా క్లాజు కింద అవతలివారికి ఇచ్చిన అవకాశం నాకూ ఇవ్వండి, అప్పటిదాకా అగ్రిమెంటు ఆపండి, ఇంతే. జవాబు కోసం మూడు నాలుగు రోజులకు మించి చూడొద్దు. ఆ రోజుల్లోనే వకీలు అఫిడవిట్ సిద్ధం చేస్తారు. మీ పోర్టల్ లాగిన్‌లో కనిపిస్తున్న టెక్నికల్ ఎవాల్యుయేషన్ పేజీలు, అవతలివారి పత్రాలు, కొరిజెండాలు (టెండర్ నోటీసుకు చేసిన సవరణలు), బిడ్లకు ముందు జరిగే ప్రీబిడ్ మీటింగ్ మినిట్స్ అన్నీ తేదీ, సమయం కనిపించేలా సేవ్ చేసుకోండి.

గుంటూరు కోర్టులో దావా గురించి అడిగారు, వద్దు. 2018లో స్పెసిఫిక్ రిలీఫ్ చట్టాన్ని సవరించి ఇన్‌ఫ్రాస్ట్రక్చర్ ప్రాజెక్టులకు అడ్డం పడే ఇంజంక్షన్లు ఇవ్వకూడదని పెట్టారు. ఆ జాబితాలో నీటి సరఫరా పైప్‌లైన్లు కూడా ఉన్నాయి. మున్సిపాలిటీ ప్రభుత్వ సంస్థే కాబట్టి 226వ అధికరణం కింద హైకోర్టులో రిట్ వేయడమే మీకున్న దారి.

స్టే సంగతి కాస్త వివరంగా చెప్పాలి, ఎందుకంటే కాంట్రాక్టర్లు ఎక్కువగా ఆశపడేదీ, దెబ్బతినేదీ ఇక్కడే. 1998లో మహారాష్ట్ర విద్యుత్ బోర్డు పనిలో వచ్చిన రౌనక్ ఇంటర్నేషనల్ కేసులో, పని ఆగితే ఖర్చు పెరిగేది ప్రజలకే, కాబట్టి స్టే అడిగేవాడు ఓడిపోతే ఆ నష్టానికి బాధ్యత వహించాలి అని సుప్రీంకోర్టు హెచ్చరించింది. 2022లో ఝార్ఖండ్ రోడ్డు పని మీద వచ్చిన ఎన్‌జీ ప్రాజెక్ట్స్ కేసులో ఇంకా గట్టిగా చెప్పింది. ఇన్‌ఫ్రాస్ట్రక్చర్ పనుల్లో స్టే ఇవ్వడానికి కోర్టులు వెనకాడాలి, అన్యాయం జరిగిందని తేలితే టెండర్ ఆపడం కంటే నష్టపరిహారం వైపు చూడాలి అంది. మన హైకోర్టులో ప్రభుత్వ ప్లీడర్ లేచి మొదట చదివేది ఆ తీర్పే. పైగా మీది తాగునీటి పని. ఎండాకాలం ముందు ట్యాంకు పని ఆపమంటే ఏ జడ్జికైనా మనసొప్పదు, ఒప్పకూడదు కూడా. ఆ వార్డుల్లో ట్యాంకర్ కోసం బిందెలతో క్యూ కట్టేవాళ్లకు మన టెండర్ గొడవతో సంబంధం లేదు.

కాబట్టి మీ మధ్యంతర ప్రార్థన చిన్నదిగా ఉండాలి. పని మొత్తం ఆపమని అడక్కండి. వచ్చే వాయిదా దాకా అగ్రిమెంటు చేసుకోవద్దని, ఈలోపు ఎవాల్యుయేషన్ రికార్డు కోర్టు ముందు పెట్టమని అడగండి. ప్రభుత్వ ప్లీడర్ సూచనలు తెలుసుకోవడానికి వారం అడుగుతారు, ఆ వారానికి ఇలాంటి పరిమిత ఉత్తర్వు ఇవ్వడానికి కోర్టు సాధారణంగా అంతగా జంకదు. అదీ రాకపోతే, జరిగే అగ్రిమెంటు రిట్ ఫలితానికి లోబడి ఉంటుందన్న మాట రాయించుకోవాలి. దాంతో అవతలాయన తర్వాత ఖర్చుపెట్టాను కదా అని అంత గట్టిగా వాదించలేడు. కేసు తొందరగా తుది విచారణకు రావాలని మీరే పట్టుబట్టండి. వాయిదాలు మీకు చేటు.

ప్రజా ప్రయోజనం మాట అవతలివాళ్లకే వదిలేయకండి. మీ 12 శాతానికీ ఆయన 3 శాతానికీ మధ్య తేడా 3.80 కోట్ల మీద సుమారు 34 లక్షలు. అది పురపాలక డబ్బు. తక్కువ వేసినవాడికి పని దక్కాలన్న హక్కు ఏదీ లేదు, కమిటీ కారణం చెప్పి అన్ని బిడ్లూ రద్దు చేయొచ్చు. కానీ జగదీశ్ మండల్ కేసులోని రెండో ప్రశ్నకు మీ జవాబు ఈ 34 లక్షలే. ఒక అడ్డంకి ఉంది. మీ ప్రైస్ బిడ్ తెరవలేదు కాబట్టి మీరు వేసిన రేటు రికార్డులో లేదు, మీ నోటి మాటే. కాబట్టి అఫిడవిట్‌లో అంకె చెప్పి, ప్రైస్ బిడ్ కోర్టు సమక్షంలో గానీ కోర్టు ఆదేశం మీద గానీ తెరిపించాలని అడగండి.

పని నాకే ఇమ్మని అడగొచ్చా అన్నారు. రాసుకోవచ్చు గానీ దాని మీద ఆశ పెట్టుకోకండి. కోర్టు ఎక్కువలో ఎక్కువ ఆ నిర్ణయాన్ని పక్కనపెట్టి మళ్లీ పరిశీలించమంటుంది, లేదా కొత్త టెండర్ పిలవమంటుంది. బన్సీధర్ కేసులో గెలిచినవాళ్లకు కూడా దక్కింది కొత్త టెండర్‌లో పాల్గొనే అవకాశమే. అసలు ప్రార్థన ఇలా ఉండాలి: నా టెక్నికల్ బిడ్ తిరస్కరణ రద్దు చేయండి, ఇద్దరికీ ఒకే కొలతతో మళ్లీ మూల్యాంకనం చేయమనండి. ఇంత అడిగినవాడికి కోర్టు వినే చెవి ఇస్తుంది.

అఫిడవిట్‌లో ఏం రాయకూడదో కూడా చెప్పాలి. మీ మెసేజ్‌లో సగం, గెలిచినాయనకు ఒక నాయకుడి అండ ఉందని, ఫోన్లు వెళ్లాయని ఉంది. నిజమే కావొచ్చు, మన ఊళ్లలో అది ఎవరూ నమ్మలేని సంగతేం కాదు. కానీ దురుద్దేశం ఆరోపించాలంటే ఎవరు, ఎప్పుడు, ఏం చేశారో వివరంగా రాసి, ఆ వ్యక్తిని పేరుతో ప్రతివాదిగా చేర్చి, రుజువు చూపాలి. అది లేకుండా రాస్తే, గట్టిగా ఉన్న సమానత్వ వాదన కూడా రాజకీయ గొడవలా కనిపించి పలచబడుతుంది. ఫోన్ల గురించి ఒక్క ముక్క లేకుండా రెండు సర్టిఫికెట్ల తేదీలు పక్కపక్కన పెట్టండి, కోర్టుకు అర్థమవుతుంది. అలాగే అవతలాయన ఎక్స్‌పీరియన్స్ సర్టిఫికెట్ నకిలీ అన్న అనుమానం. సాక్ష్యాలు విని తేల్చాల్సిన వాస్తవాలను రిట్‌లో తేల్చరు. ఈ అనుమానం మీద డిపార్టుమెంటుకు ఫిర్యాదు ఇచ్చి ఉంటే, వాళ్లు చెక్ చేయలేదు అన్నంతవరకు రాయండి.

మీ తప్పు కూడా దాచకండి. సంతకం లేని కాపీ నేనే అప్‌లోడ్ చేశాను అని మొదటి పేరాల్లోనే చెప్పండి. దాస్తే, అవతలివాళ్లు మొదటి వాయిదాలోనే ఆ స్క్రీన్‌షాట్ చూపిస్తారు. విషయాలు దాచి వచ్చాడని రిట్ కొట్టేయడానికి అదొక్కటే చాలు. గెలిచినాయనను తప్పకుండా ప్రతివాదిగా చేర్చండి. ఆయన్ను వినకుండా ఆయన కాంట్రాక్టు మీద ఏ కోర్టూ చేయి వేయదు. ఆయన ఇప్పటికే కేవియట్ (నన్ను వినకుండా ఉత్తర్వు ఇవ్వొద్దన్న అర్జీ) వేసి ఉండొచ్చు, వేస్తే ఆయన వకీలుకు ముందే కాపీ అందాలి.

ఇక బిల్లుల భయం. ఇది చిన్న విషయమని నేను అనను. ఇదే డివిజన్‌లో మీ పాత పనుల ఎం-బుక్ (కొలతల పుస్తకం) రికార్డింగు, ఫైనల్ బిల్లు ఉన్నాయన్నారు. చట్టం ప్రకారం కోర్టుకు వెళ్లినందుకు ఎవరూ మిమ్మల్ని బ్లాక్‌లిస్టులో పెట్టలేరు. బ్లాక్‌లిస్టు చేయాలంటే ముందు నోటీసిచ్చి వినాలని 1974లో ఎరూసియన్ ఎక్విప్‌మెంట్ కేసు నుంచి ఉంది. ఆ నోటీసులోనే బ్లాక్‌లిస్టు చేయబోతున్నామని కనిపించాలని 2014లో గోర్ఖా సెక్యూరిటీ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. కానీ మీ భయం బ్లాక్‌లిస్టు గురించి కాదు, కావాలని కొలతలు ఆలస్యం చేస్తారని. అది జరగదని హామీ ఇవ్వలేను. నేను చూసినంతలో, అఫిడవిట్‌లో ఇంజినీర్లను తిట్టినవాళ్లకే ఆ ఇబ్బంది ఎక్కువగా వచ్చింది. కేసు వేసే ముందు ఈఈ గారిని కలిసి, సార్, మీ మీద వ్యక్తిగతంగా ఏమీ లేదు, ఈ ఒక్క నిర్ణయం మీదే కోర్టుకు వెళ్తున్నాను అని ముఖాముఖి చెప్పండి. చాలామంది ఇంజినీర్లు దాన్ని అర్థం చేసుకుంటారు. కోర్టు ఆదేశం వస్తే వాళ్లకూ ఒక ధైర్యం ఉంటుంది, ఎవరైనా అడిగితే చూపించడానికి కాగితం దొరుకుతుంది. పాత బిల్లులు నిజంగా ఆపితే దానికి వేరే రిట్ ఉంది, దీనితో కలపకండి.

ఓడిపోతే ఖర్చుల గురించి కూడా తెలిసి దిగాలి. 2021లో తమిళనాడు మద్యం సీసాల హోలోగ్రామ్ స్టిక్కర్ల టెండర్ మీద సుప్రీంకోర్టు దాకా వెళ్లి ఓడినవాళ్లు అవతలివాళ్ల ఖర్చులు లక్షల్లో కట్టాల్సి వచ్చింది. మీది 4 కోట్ల లోపు పని, ఇంత పెద్ద ఖర్చు పడుతుందని అనుకోను. కానీ సింగిల్ జడ్జి దగ్గర మీరు గెలిచినా అవతలాయన డివిజన్ బెంచ్‌కు రిట్ అప్పీలు వేస్తాడని ముందే అనుకుని ఖర్చు లెక్క వేసుకోండి.

ఇదే అవస్థలో లేకపోయినా చదువుతున్న మిగతా కాంట్రాక్టర్లకు ఒక మాట. షరతే ఒకరి కోసం కుట్టినట్టు ఉంటే బిడ్ వేసి, ఓడిపోయాక దాన్ని సవాలు చేయకండి. ఒప్పుకుని పాల్గొన్నావు కదా అంటారు. ప్రీబిడ్‌లో రాతపూర్వకంగా అభ్యంతరం చెప్పి, బిడ్ల గడువు లోపే కోర్టుకు వెళ్లండి. షరతుల విషయంలోనూ కోర్టు మామూలుగా అధికారులకే స్వేచ్ఛ ఇస్తుంది. 2012లో కర్ణాటక ఆర్టీసీ టైర్ల టెండర్ మీద వచ్చిన మిషిగన్ రబ్బర్ కేసు అలాంటిదే. అయినా 2025లో ఛత్తీస్‌గఢ్ స్కూళ్ల క్రీడా సామగ్రి టెండర్‌లో, గతంలో అదే రాష్ట్ర ప్రభుత్వ సంస్థలకు సరఫరా చేసినవాళ్లే అర్హులు అన్న షరతును సుప్రీంకోర్టు కొట్టేసింది. పోటీని మూసేసే షరతు అని తేలితే కోర్టు చూస్తూ ఊరుకోదు.

మీ విషయానికొస్తే, అగ్రిమెంటు అయిందో లేదో రోజూ కనుక్కుంటూ ఉండండి. రేపోమాపో సంతకాలు అవుతున్నాయని తెలిస్తే రిప్రజెంటేషన్ జవాబు కోసం ఆగకుండా లంచ్ మోషన్, అంటే అదే రోజు అత్యవసర విచారణ, అడగాలి. అందుకు అఫిడవిట్, రెండు సర్టిఫికెట్లు, గడువు తేదీ ఉన్న టెండర్ షెడ్యూలు, మీ రిప్రజెంటేషన్ మీద ముద్ర పడిన కాపీ, ఈ నాలుగూ సిద్ధంగా ఉండాలి. మిగతా కాగితాలు తర్వాత అదనపు అఫిడవిట్‌తో వేసుకోవచ్చు. అవతలాయన సర్టిఫికెట్ తేదీ చెక్ చేశాక ఏం తేలిందో ఇక్కడే రాయండి, దాన్నిబట్టి ప్రార్థన ఎలా రాయాలో చెబుతాను.